హైకోర్టు గడువు దాటినా స్కూలు ఫైలు కదలట్లేదు, కోర్టు ధిక్కరణ కేసు వేయాలా?

మాది తెలంగాణలో ఒక చిన్న ప్రైవేటు స్కూలు. 7వ తరగతి వరకు గుర్తింపు ఉంది. 8, 9, 10 తరగతుల అనుమతికి 2023 డిసెంబరులో విద్యాశాఖకు దరఖాస్తు చేశాం. ప్రైవేటు స్కూళ్ల అనుమతి, గుర్తింపు నిబంధనలున్న 1994 నాటి జీవో 1 ప్రకారం అడిగినవన్నీ పెట్టాం. పదిహేను నెలలైనా అవుననీ లేదు, కాదనీ లేదు.

హైకోర్టులో రిట్ వేస్తే మొదటి వాయిదాలోనే తేల్చేశారు: ఆర్డరు కాపీ అందిన ఎనిమిది వారాల్లో చట్టప్రకారం నిర్ణయం తీసుకోవాలని. అనుమతి ఇవ్వమని కాదు, ఏదో ఒకటి తేల్చమని మాత్రమే. కాపీ రిజిస్టర్ పోస్టులో పంపాం, ఆఫీసులో చేత్తోనూ ఇచ్చి ముద్ర వేయించుకున్నాం. గడువు దాటి పదకొండు వారాలైంది. వెళ్లిన ప్రతిసారీ 'ఫైలు పైకి వెళ్లింది' అంటారు. పైఆఫీసులో అడిగితే కిందే ఉందంటారు! లాయరు నోటీసుకూ జవాబు లేదు.

ధిక్కరణ పిటిషన్‌కు ఏడాది గడువు ఉంటుందని తెలుసు, దానికింకా టైముంది. అసలు టెన్షన్ ఫైర్ ఎన్‌ఓసీ (అగ్నిమాపక శాఖ ఇచ్చే నిరభ్యంతర పత్రం) గురించి. రెండు నెలల్లో అది ముగుస్తుంది. ఇప్పుడు కేసు వేస్తే, కౌంటరు (కోర్టుకు తమ జవాబు) దాఖలు చేసే ముందు రోజు అధికారులు అది ముగిసిందనో, ఇంకేదో సాకుతోనో దరఖాస్తు తిరస్కరించి, 'ఆదేశం పాటించాం' అని చేతులు దులుపుకుంటారేమో.

ఇలాంటి ఆర్డరుతో ధిక్కరణ కేసు వేసినవాళ్లు ఉంటే చెప్పండి: మీకు అనుమతి వచ్చిందా, తిరస్కరణ వచ్చిందా?