మేక పిల్లల పారుడు: స్లైడ్ మీద కనిపించేవి కాక్సీడియానా, గాలి బుడగలా?

మేకల_పాక:
రెండు నెలల మేక పిల్లలు. పాలు మాన్పించిన వారానికే పారుడు పట్టుకుంది. పెంటికలు కట్టడం లేదు, తోక కింద తడి, రెండింటికి జిగురులో నెత్తుటి చారలు. ఆల్బెండజోల్ తాగించినా తగ్గలేదు. పేడని ఉప్పునీటిలో తేల్చి మైక్రోస్కోప్ 10ఎక్స్ లెన్సులో చూస్తే చిన్న గుండ్రటివి బోలెడు. కాక్సీడియా (పేగుల్లో పెరిగే ఏకకణ పరాన్నజీవి) అనుకోవచ్చా? పాకలో నాటుకోళ్లూ తిరుగుతాయి, వాటి నుంచి అంటిందంటారా?

ల్యాబ్_బెంచి:
బుడగకి అంచు మందంగా, నల్లగా ఉంటుంది, లోపల ఖాళీ, ఒక్కోటి ఒక్కో సైజు. కాక్సీడియా ఊసిస్ట్‌కి (పేడలో బయటికొచ్చే, గుడ్డు లాంటి దశ) సన్నటి, నున్నటి గోడ ఉంటుంది, లోపల గరుకైన ఒకే ముద్ద, దాని చుట్టూ కాస్త ఖాళీ. 10ఎక్స్‌లో తేల్చుకోలేరు, 40ఎక్స్‌కి వెళ్లండి, కండెన్సర్ (స్లైడ్ కింద వెలుగుని కూర్చే కటకం) కొంచెం దించండి. వెలుగు మరీ ఎక్కువైతే గోడ కనిపించదు. పక్కన స్ట్రాంగైల్ నట్ట గుడ్డు ఉంటే కొలతకి అదే ఆధారం: అది సుమారు 80 మైక్రాన్ల పొడవు, లోపల చాలా కణాలుంటాయి. ఊసిస్ట్ అందులో మూడో వంతో, నాలుగో వంతో.

ద్రావణం సరిగ్గా కుదరకపోతే ఏదీ తేలదు. లీటరు నీటిలో 400 గ్రాముల ఉప్పు వేసి మరిగించి, చల్లారాక అడుగున ఇంకా ఉప్పు మిగిలితేనే సంతృప్తమైనట్టు. పైతేట వాడండి. 3 గ్రాముల పేడని 45 మి.లీ.లో కలిపి, టీ జల్లెడతో వడకట్టి, ట్యూబు అంచు పైకి ఉబ్బేదాకా నింపి కవర్‌స్లిప్ పెట్టండి. 10 నుంచి 15 నిమిషాలు చాలు. ఎక్కువసేపు వదిలితే ఊసిస్టులు ముడుచుకుపోతాయి, స్లైడ్ అంచుల్లో ఉప్పు గడ్డకడుతుంది. సావకాశంగా చూడాలంటే 355 మి.లీ. నీటిలో 454 గ్రాముల పంచదార కరిగించిన పాకం మేలు.

నేల మీద పడ్డ పేడ తేవద్దు, పిల్ల మలద్వారం నుంచే తీయండి. ఆ రోజే చూడలేకపోతే ఫ్రిజ్‌లో పెట్టండి.

పశువైద్యం_పల్లె:
కోళ్ల మీద నింద వేయకండి. ఐమీరియా (మేకల్లో, కోళ్లలో వచ్చే కాక్సీడియా) జాతులు దేని జంతువుని అవే పట్టుకుంటాయి. కోళ్ల సీకంలో (పెద్దపేగు మొదట్లోని సంచి) నెత్తురు పారించే ఐమీరియా టెనెల్లా మేకకి అంటదు. ఆ మాటకొస్తే గొర్రెది మేకకీ అంటదు.

అసలు మెలిక వేరే ఉంది. ఆరోగ్యంగా గెంతే పిల్ల పేడలో కూడా గ్రాముకి వేలల్లో ఊసిస్టులు కనిపిస్తాయి. ఇటు పారుడుతో పడుకున్న పిల్లలో ఒక్కటీ కనిపించకపోవచ్చు, ఎందుకంటే పేగు గోడ దెబ్బతిన్నాకే ఊసిస్టులు బయటికొస్తాయి, అంటుకున్న నాటి నుంచి అందుకు సుమారు రెండు వారాలు పడుతుంది. అందుకే ఒక పిల్లని కాదు, అదే ఈడున్న ఐదారు పిల్లలవి చూడండి. లెక్క కావాలంటే మెక్‌మాస్టర్ స్లైడ్ (గళ్లు గీసిన లెక్కింపు స్లైడ్): 4 గ్రాముల పేడ, 56 మి.లీ. ద్రావణం, రెండు గదుల్లో కలిపి లెక్కించింది ఇంటూ 50 చేస్తే గ్రాముకి ఎన్నో వస్తుంది.

లెక్క కన్నా జాతి ముఖ్యం. ఊసిస్ట్ కొనమీద చిన్న టోపీ ఉందా చూడండి. మేకల ఐమీరియా జాతుల్లో క్రిస్టెన్సెనై పెద్దది, టోపీ ఉంటుంది. ఆర్లోయింగైకీ టోపీ ఉంది, అది హాని చేసేదే. నినాకోల్యాకిమోవేకి టోపీ ఉండదు, నెత్తుటి పారుడుకి పేరుమోసింది అదే. చనిపోయిన పిల్ల ఉంటే చిన్నపేగు తెరిచి చూడండి, లోపలి పొర మీద తెల్లటి, పసుపు పచ్చటి బొడిపెలుంటాయి. అక్కడ గీకి స్లైడ్ మీద పెడితే అనుమానం తీరిపోతుంది.

ఆల్బెండజోల్ నట్టల మందు, కాక్సీడియా ఏకకణ జీవి, దాన్నేమీ చేయదు. కాక్సీడియా మందు ఆంప్రోలియం, పిల్ల బరువులో కిలోకి 50 మి.గ్రా. చొప్పున 5 రోజులు: 6 కిలోల పిల్లకి 20 శాతం పొడి ఒకటిన్నర గ్రాము. మోతాదు మించితే థయమిన్ (విటమిన్ బి1) తగ్గి పిల్ల చూపు కోల్పోతుంది, తల వెనక్కి విరుచుకుంటుంది. తూకం వేయకుండా చెంచా లెక్కన పోయకండి. నెత్తురు పడుతున్న పిల్లల్ని వెంటనే మీ పశువైద్యశాలలో చూపించండి, నీరసానికి సెలైన్ అవసరం పడొచ్చు.

మేకల_పాక:
40ఎక్స్‌లో ముద్ద కనిపించింది, టోపీ లేదు. ఫినాయిల్‌తో పాక కడిగితే పోతుందా? మా కుక్క విరేచనంలో కూడా ఇలాంటివే ఉన్నాయి, దానికీ మందు వేయాలా?

ల్యాబ్_బెంచి:
కుక్క పెంటికలు తింటుంది కదా, మేకవే దాని పేగులోంచి అలా దాటిపోయి ఉంటాయి. తేల్చుకోవాలంటే కుక్క పేడని 2.5 శాతం పొటాషియం డైక్రోమేట్‌లో పల్చగా పరిచి, 25 నుంచి 28 డిగ్రీల్లో వారం ఉంచి, రోజూ కలపండి, గాలి తగలకపోతే ఎదగవు. లోపల నాలుగు సంచులు, సంచికి రెండు జీవులుంటే ఐమీరియా, అంటే కుక్కది కాదు, అది తిన్నదాంట్లోంచి వచ్చింది. రెండే సంచులు, సంచికి నాలుగు ఉంటే సిస్టోఐసోస్పోరా, అది కుక్కదే. డైక్రోమేట్ విషం, తొడుగులు లేకుండా ముట్టుకోవద్దు, కాలువలో పోయొద్దు.

ఫినాయిల్‌కి ఊసిస్ట్ గోడ లొంగదు. పేడ ఎత్తేసి, సిమెంటు నేలని మరిగే నీళ్లతో కడిగి బాగా ఎండబెట్టండి. మట్టినేల అయితే పై పొర చెక్కి తీసేయాలి. మేత తొట్లు పిల్లలు కాళ్లు పెట్టలేని ఎత్తులో కట్టండి.