సమస్య: “మగఁడె మగనికి నాలయ్యె మామ కొఱకు”

తేటగీతి అనే ఛందస్సులో పాదం ఇది; మామ కోసం మగవాడే మగవాడికి ఆలు అయ్యాడని అర్థం. దీన్ని చివరి పాదంగా ఉంచి పై మూడు పాదాలు పూరించాలి. స్త్రీవేషం అనగానే కీచకవధకు పరుగెత్తకండి. కథ 1929 నాటి హాస్యజంట లారెల్, హార్డీల రెండు రీళ్ల మూకీ ‘దట్స్ మై వైఫ్’లోనిదే కావాలి. ఇంట్లో తిష్ఠ వేసిన లారెల్‌ను భరించలేక హార్డీ భార్య వెళ్లిపోతుంది. సరిగ్గా అప్పుడే బెర్నల్ మామ (హార్డీ అంకుల్) దిగుతాడు. హార్డీ కాపురం చల్లగా సాగుతుంటేనే ఆయన ఆస్తి దక్కేది. అందుకే లారెల్ ఆడవేషం కట్టి హార్డీ భార్యగా నటించాల్సి వస్తుంది.

డాలస్ సోదరి పూరణ:

ఆలు విడనాడి పోయిన హార్డి యింట
లారెలే గౌను దొడిగెను లాభ మెంచి;
యాస్తి నిచ్చెడి పెద్దాయ నరుగుదేర
మగఁడె మగనికి నాలయ్యె మామ కొఱకు.

నిర్వాహకులు: ధార హాయిగా ఉందమ్మా. కథంతా మూడు పాదాల్లో ఇమిడింది. కానీ ‘లాభ మెంచి’ లారెల్‌కు అన్యాయం చేస్తోంది. ఆశ హార్డీది, అవస్థ లారెల్‌ది.

డాలస్ సోదరి: ‘ఎంచి’కి కర్త హార్డీ అనుకోకూడదా అండీ?

నిర్వాహకులు: కుదరదమ్మా. ‘దొడిగెను’కు కర్త లారెలే కదా, ‘ఎంచి’కీ అతడే కర్త అవుతాడు. “లారెలుకు గౌను దొడిగించె లాగి తానె” అంటే యతి (పాదం మొదటి అక్షరానికి నడిమి అక్షరంతో కుదరాల్సిన మైత్రి) చెడదు, నేరం హార్డీ మీదికే పోతుంది.

బందరు మిత్రుని పూరణ:

ముత్తియపు హార మొక్కటి మోసకాఁడు
వీపునను జారవిడువంగ వెదకె జంట
నాట్యశాలను నలుగురి నడుమఁ జేరి;
మగఁడె మగనికి నాలయ్యె మామ కొఱకు.

నిర్వాహకులు: భేష్! సినిమాకు ఆయువుపట్టు పట్టుకున్నారు. వెయిటర్ తాను దొంగిలించిన హారాన్ని లారెల్ వీపు మీదుగా గౌనులోకి జారవిడుస్తాడు. దాన్ని తీయడానికి ఇద్దరూ పడే పాట్లు చూసేవాళ్లకు వేరేలా కనిపిస్తాయి. మాట అక్కర్లేని హాస్యమంటే అదీ! అయితే మామ ఊసు ముందెక్కడా లేకపోవడంతో సమస్యాపాదం అతికించినట్టుంది.

విశాఖ సభ్యుని పూరణ:

కుక్కలకుఁ బిల్లులకుఁ జేరెఁ గూడఁబెట్టు
ధనము వైద్యాలయమ్మునఁ, దగని యాట
నాడి దొరికిరి మిత్రులు, హాస్య మొప్ప
మగఁడె మగనికి నాలయ్యె మామ కొఱకు.

నిర్వాహకులు: ముగింపుతో మొదలుపెట్టడం బాగుంది. గుట్టు రట్టయ్యాక మామ తన సొమ్మును కుక్కల, పిల్లుల ఆసుపత్రికి రాసేస్తాననడం ఎత్తుగడలోనే పడింది. ‘హాస్య మొప్ప’ మాత్రం యతి కోసం తెచ్చిన పూరకపదం. నవ్వు వస్తోందని పద్యమే చెప్పుకోకూడదు. “హార్డి పన్న” అని మార్చండి.