గ్రీకు నటి మెలీనా మెర్కూరీ తెగువ ఏ సినిమాలో ఎక్కువ: ‘స్టెల్లా’లోనా, ‘నెవర్ ఆన్ సండే’లోనా?

పాతరీలు:
మెలీనా పేరెత్తితే అందరూ 1960 నాటి ‘నెవర్ ఆన్ సండే’ దగ్గరే ఆగిపోతారు. కాన్ చిత్రోత్సవంలో ఉత్తమ నటి, ఆస్కార్ నామినేషన్, సంగీత దర్శకుడు హాజిదాకిస్ పాటకి ఏకంగా ఆస్కార్. కాదనను. కానీ నా ఓటు 1955లో కాకోయానిస్ తీసిన ‘స్టెల్లా’కే. అది ఆమె మొదటి సినిమా, అప్పటికే 34 ఏళ్లు. పాటకత్తె స్టెల్లా ప్రేమిస్తుంది, పెళ్లి మాత్రం వద్దంటుంది. ప్రేమికుడు మిల్టోస్ పట్టుబట్టితే సరేనని, తీరా ముహూర్తం వేళకి చర్చికే వెళ్లదు. చివర్లో తెల్లవారుజామున ఖాళీ వీధి. ‘వెళ్లిపో స్టెల్లా, నా చేతిలో కత్తుంది’ అంటాడతను. ఆమె నడక ఆగదు, వేగమూ మారదు.

రేవుగాలి:
చివరికి చచ్చిపోయింది కదండీ! పెళ్లి వద్దన్నదాన్ని చంపి కథ ముగించడంలో తెగువేముంది? ‘నెవర్ ఆన్ సండే’లో ఇలియా గ్రీసులోని పిరేయస్ రేవులో వేశ్య. ఎవరితో వెళ్లాలో తనే ఎంచుకుంటుంది, ఆదివారం సెలవు. అమెరికా నుంచి వచ్చిన హోమర్ ఆమెని బాగుచేస్తానని పుస్తకాలు తెస్తాడు. ఆ చదువుకి చాటుగా డబ్బిచ్చేది, ఆడవాళ్లకి గదులు అద్దెకిచ్చి పిండుకునే ఆసామి. ఆ సంగతి తెలిశాక ఇలియా అద్దెల మీద సమ్మె చేయిస్తుంది. కథ ఆమెని చంపదు, పశ్చాత్తాపపడమనీ అనదు.

నలుపుతెలుపు:
కానీ ఇలియాని చిన్నపిల్లలా రాశారు. తల్లి తన పిల్లల్నే చంపే పాత గ్రీకు విషాదనాటకం ‘మెడియా’ చూసి, చివర్లో నటులంతా వేదికమీదికొచ్చి దండం పెడితే, పిల్లలు బతికే ఉన్నారుగా అని సంబరపడుతుంది. పర్యాటకులకి నచ్చే గ్రీసు అది. స్టెల్లాలో ఆ అమాయకత్వం లేదు.

రేవుగాలి:
ఆ సీన్‌నే మళ్లీ చూడండి. ఆమెకి కథ అర్థం కాక కాదు, ఆ ముగింపుని ఒప్పుకోదు. పైగా హోమర్‌గా వేసింది దర్శకుడు జూల్స్ దాస్సాన్. అమెరికా వాడి పెద్దరికాన్ని తన మీదే వేసుకుని ఓడిపోయాడు.

పాతరీలు:
ఆ మాట బాగుంది, దాస్సాన్ విషయంలో తగ్గుతాను. ‘స్టెల్లా’ విషయంలో తగ్గను. పెళ్లి ఎగ్గొట్టిన ఆ రాత్రి ఎడిటింగ్ చూడండి. ఒక షాట్‌లో స్టెల్లా ఒక కుర్రాడితో జాజ్‌కి చిందులేస్తుంది, మరో షాట్‌లో మిల్టోస్ బుజూకీకి (గ్రీకు తంత్రీవాద్యం) ఒంటరిగా ఆడతాడు. రెండు సంగీతాలు ఒకదాన్నొకటి నరుక్కుంటూ పోతాయి. కత్తి అక్కడే దూసినట్టు! చావుని శిక్షగా చూస్తే ఇదంతా చేజారిపోతుంది. పెళ్లా, చావా అంటే ఆమె రెండోది ఎంచుకుంది.

చూడనివాళ్లు ముందు ‘స్టెల్లా’ చూడండి. మిల్టోస్‌గా వేసిన యోర్గోస్ ఫౌండాసే అయిదేళ్ల తర్వాత ఇలియాని ప్రేమించే టోనియో. వరస తిప్పితే, టోనియో ఆమె దగ్గరికొచ్చిన ప్రతిసారీ గుండె గుభేలుమనడం అనే ఆ రుచి దక్కదు.