దక్షు లెవ్వార లుపేక్ష సేసిరి: ఆ 'దక్షులు' ఎవరు?

రాయగడ నుంచి:
పెద్దలకు నమస్కారం. నవంబరు 26న మా ఊరి తెలుగువారి సమావేశంలో రాజ్యాంగం గురించి, ప్రభుత్వ వ్యవస్థల నిజాయితీ గురించి నన్ను మాట్లాడమన్నారు. ఉద్యోగపర్వంలో శ్రీకృష్ణుడు కౌరవసభలో చెప్పే పద్యంతో మొదలుపెడదామని కూర్చున్నాను. 'సారపు ధర్మమున్' అన్న ఎత్తుగడా, 'అది వారల చేటగు' అన్న ముక్కా తప్ప నడుమ భాగం నోట్లో ఆడుతోంది గాని బయటికి రావడం లేదు. 'చెడఁబారిన' అనాలా, 'చెడఁబాఱిన' అనాలా అన్నది ఒక సందేహం. అంతకన్నా పెద్ద సందేహం 'దక్షులు' అన్న మాట దగ్గర ఉంది. తిక్కన ఉద్దేశించినది తెలివీ నేర్పూ గలవారినా, అధికారం చేతిలో ఉన్నవారినా?

ఉద్యోగ జీవితమంతా ఫైళ్ల మధ్య గడిపినవాణ్ని కాబట్టి ఈ తేడా నాకు పట్టింపుగా ఉంది. ఒక రోడ్డు పని బిల్లు వస్తుంది. కొలతల పుస్తకంలో ఉన్న అంకెకూ బిల్లులో ఉన్న అంకెకూ పొంతన ఉండదు. కింది గుమాస్తా ఆ సంగతి నోట్ షీటు మీద రెండు వాక్యాల్లో రాసి పైకి పంపుతాడు. పైనుంచి 'మాట్లాడండి' అన్న ఒక్క ముక్కతో ఫైలు తిరిగి వస్తుంది. ఆ మాట్లాడినది ఏ కాగితం మీదా ఉండదు, బిల్లు మాత్రం పాసవుతుంది. ఇక్కడ దక్షుడెవరు? పొరపాటును పట్టుకోగలిగిన గుమాస్తానా, ఆపగలిగిన అధికారా?

బరంపురం నుంచి:
ముందు పద్యం పూర్తిగా చూద్దాం.

సారపు ధర్మమున్ విమల సత్యముఁ బాపముచేత బొంకుచేఁ
బారముఁ బొందలేక చెడఁబాఱినదైన యవస్థ దక్షు లె
వ్వార లుపేక్ష సేసి రది వారల చేటగుఁ గాని ధర్మ ని
స్తారకమయ్యు సత్యశుభదాయకమయ్యును దైవ ముండెడిన్.

మొదటి మూడు పాదాల భావం ఇది: పాపం చేత ధర్మం, అబద్ధం చేత సత్యం గట్టెక్కలేక చెడిపోయే స్థితిలో ఉంటే, ఏ దక్షులు చూసీ ఊరుకుంటారో అది వారికే చేటు. ఇక రేఫ విషయం, అంటే 'ర' రాయాలా 'ఱ' రాయాలా అన్నది. ఉత్పలమాలలో యతి పదవ అక్షరానికి. రెండవ పాదంలో అది 'బా' దగ్గరే చెల్లిపోయింది. మీరు సందేహించిన అక్షరం పదకొండవది, పైగా ప్రాసస్థానం కాదు. కాబట్టి ఛందస్సు ఇటూ చెప్పదు, అటూ చెప్పదు. ధాతువు 'పాఱు' కనుక శకటరేఫమే ('ఱ') సరి. 'దక్షులు' అన్నదానికి నిఘంటువులు చెప్పే అర్థం నేర్పరులు, సమర్థులు. అధికారం అన్న అర్థాన్ని అందులోకి లాక్కురావడం నాకు సమ్మతం కాదు.

పర్లాకిమిడి నుంచి:
మాస్టారూ, నిఘంటువు దగ్గరే ఆగిపోతే తిక్కన చేసిన పని మనకు కనబడదు. మూలం పక్కన పెట్టుకుని చూడండి. వ్యాసుడి శ్లోకం 'హన్యతే ప్రేక్షమాణానాం హతాస్తత్ర సభాసదః' అని ముగుస్తుంది. అధర్మం ధర్మాన్నీ, అసత్యం సత్యాన్నీ చంపుతుంటే చూస్తూ కూర్చున్న సభలో సభాసదులే హతులవుతారని దాని భావం. తిక్కన 'సభాసదులు' అన్న మాటను తీసేసి ఆ చోట 'దక్షులు'ను కూర్చోబెట్టాడు. 'ప్రేక్ష'ను 'ఉపేక్ష' చేశాడు. రెండింటిలోనూ ధాతువు ఒకటే. ఒక్క ఉపసర్గను మార్చి, చూడడాన్ని చూసీ చూడనట్టు ఊరుకోవడంగా మార్చాడు. ఇది అనువాదంలో జారిన మాట కాదు, ఆలోచించి పెట్టిన మాట.

ఎందుకు పెట్టాడన్నదానికి నా సమాధానం ఇది. తిక్కన నెల్లూరులో మనుమసిద్ధి కొలువులో మంత్రి. కొలువులో కూర్చున్న ప్రతివారికీ మాట చెల్లదని ఆయనకు లోపలినుంచి తెలుసు. కుర్చీ దొరికినంత మాత్రాన బాధ్యత వచ్చిందనకుండా, చేయగలిగినవాడి మీదనే బాధ్యత మోపాడు. సభాపర్వంలో విదురుడు చెప్పిన ప్రహ్లాదుడి కథలో కశ్యపుడు పాపాన్ని ఎలా పంచాడో గుర్తు తెచ్చుకోండి. సభలో నిందించవలసినదాన్ని నిందించకపోతే సగం పాపం సభకు పెద్ద అయినవాడికి, పావు చేసినవాడికి, మిగిలిన పావు నోరు విప్పని సభ్యులకు చెందుతుంది. తప్పు చేసినవాడికన్నా, దాన్ని ఆపవలసిన పెద్దకు రెండింతల వాటా! తిక్కన 'దక్షులు' ఆ 'పెద్ద'కు దగ్గరి మాట అని నేను అనుకుంటున్నాను.

జయపురం నుంచి:
కశ్యపుడి లెక్క చెప్పి, నేను అనబోయే మాటకు దారి మీరే వేశారమ్మా. సభకు పెద్ద అయినవాడికి సగం వాటా ఎందుకు? అతడు బుద్ధిమంతుడని కాదు, ఆ స్థానంలో ఉన్నాడని. అంటే దక్షత అన్నది పదవి ఇచ్చేది. ఒకే మనిషికి ఈ రోజు సంతకం చేసే అధికారం ఉంటే దక్షుడు, రేపు బదిలీ అయితే కాడు. ఉదారవాద రాజనీతి పుట్టిందే ఈ గ్రహింపులో. పాలకుడు మంచివాడైతే చాలునన్న ఆశను వదిలిపెట్టి, చెడ్డవాడు వచ్చినా హద్దు దాటకుండా అధికారాన్ని అధికారమే ఆపాలన్నాడు ఫ్రెంచి రాజనీతి తత్త్వవేత్త మాంటెస్క్యూ 1748లో. వ్యక్తి సద్గుణం మీద ఆధారపడే ఏర్పాటు ఆ వ్యక్తితోనే పోతుంది.

అయితే కాగితం మీది ఏర్పాటు ఒక్కటే చాలదని కూడా మన పెద్దలకు తెలుసు. 1948 నవంబరు 4న ముసాయిదా రాజ్యాంగాన్ని రాజ్యాంగ సభ ముందు పెడుతూ అంబేడ్కర్, గ్రీకు చరిత్ర రాసిన గ్రోట్ మాటను ఆధారం చేసుకుని, రాజ్యాంగ నైతికత సహజంగా పుట్టే గుణం కాదని, దాన్ని అలవరచుకోవాలని చెప్పారు. రాజ్యాంగం రూపాన్ని ఏమాత్రం మార్చకుండానే పరిపాలన రూపాన్ని మార్చి దాని స్ఫూర్తిని చెడగొట్టవచ్చునని, అందుకే పరిపాలనకు సంబంధించిన వివరాలను కూడా అందులో చేర్చవలసి వచ్చిందని వివరించారు. రాయగడ వారు చెప్పిన ఫైలులో జరిగింది అచ్చంగా అదే. నియమాలన్నీ ఉన్నచోటనే ఉన్నాయి, నోట్ షీటు ఉంది, సంతకాలు ఉన్నాయి, పని మాత్రం చెడింది. 'చెడఁబాఱిన యవస్థ' అంటే నాకు కళ్ల ముందు కనబడేది అదే.

1949 అక్టోబరు 10న ప్రభుత్వోద్యోగుల రక్షణల గురించి పటేల్ అదే సభలో మాట్లాడుతూ, తన అభిప్రాయానికి వ్యతిరేకంగా నోట్ రాసే స్వేచ్ఛను తన కార్యదర్శులకు ఇచ్చానని చెప్పారు. చాలా ఏళ్ల తరువాత, 2013 అక్టోబరు 31న, టి.ఎస్.ఆర్. సుబ్రమణియన్ కేసులో సుప్రీంకోర్టు, అధికారులు నోటిమాట ఆదేశాల మీద పనిచేయరాదని, వాటిని రాతలో నమోదు చేయాలని తీర్పు చెప్పింది. 'మాట్లాడండి' అన్న ముక్కకు సమాధానం అందులో ఉంది. రాసే స్వేచ్ఛ, రాసినందుకు బదిలీ కాకుండా రక్షణ ఈ రెండూ ఉంటే ఆ గుమాస్తా కూడా దక్షుడే. అవి లేనప్పుడు అతడిని ఉపేక్షించినవాడని నిందించడం అన్యాయం.

గుణుపురం నుంచి:
జయపురం వకీలు గారు మాంటెస్క్యూను తెచ్చారు గనుక ఇంగ్లండు తత్త్వవేత్త జాన్ స్టూవర్ట్ మిల్‌ను కూడా తేవాలి. 1867లో సెయింట్ ఆండ్రూస్ విశ్వవిద్యాలయంలో చేసిన ప్రసంగంలో, చెడ్డవారు తమ పని నెరవేర్చుకోవడానికి మంచివారు ఏమీ చేయకుండా చూస్తూ ఉంటే చాలునని ఆయన అన్నాడు. చాలామంది దీన్ని బర్క్ మాటగా చెబుతుంటారు. వ్యాసుడి 'ప్రేక్షమాణానాం' ఇదే. తిక్కన మిల్ కన్నా ఒక మెట్టు పైన ఉన్నాడని నా అభిప్రాయం. 'మంచివారు' అనకుండా 'దక్షులు' అన్నాడు కదా.

బరంపురం నుంచి:
పదవి ఇచ్చేదే దక్షత అయితే, పదవిని వదులుకున్నవాడి మాటేమిటి? మా ఊళ్లో 1894లో పుట్టిన వి.వి. గిరి గారు కేంద్రంలో కార్మిక మంత్రిగా ఉండగా, బ్యాంకు ఉద్యోగుల వివాదంలో కార్మిక అప్పీలు ట్రైబ్యునల్ ఇచ్చిన తీర్పును ప్రభుత్వం మార్చింది. తీర్పు చెప్పిన సంస్థ మాటను మంత్రివర్గం తన ఇష్టానుసారం సవరించడాన్ని ఒప్పుకోలేక ఆయన 1954లో రాజీనామా చేశారు. ఆ తరువాత రాష్ట్రపతిగా ఉన్న కాలంలో, తన ఎన్నిక మీద వేసిన పిటిషనులో 1970లో స్వయంగా సుప్రీంకోర్టుకు వెళ్లి సాక్ష్యం చెప్పారు. మొదటిసారి ఆయన అధికారాన్ని విడిచిపెట్టారు, రెండవసారి అత్యున్నత పదవిలో ఉండి కూడా న్యాయస్థానం ముందు నిలబడ్డారు. ఈ రెండింటిలోనూ నాకు కనబడే దక్షత మనిషిది, కుర్చీది కాదు.

అసలు తిక్కన పాత్రలను చూడండి. ఆయన కృష్ణుడు ఎవరితో ఎంత మాట్లాడాలో కొలిచి మాట్లాడతాడు. ఈ పద్యంలో దుర్యోధనుణ్ణి ఒక్క మాట అనడు. భీష్ముడు, ద్రోణుడు, కృపుడు, విదురుడు కూర్చున్న సభలో 'దక్షు లెవ్వారలు' అని పేరు పెట్టకుండా వదులుతాడు. ఆ ఎవరు అన్నది ఎవరికి వారే తడుముకోవాలి. పదవులు చూస్తే భీష్ముడు రాజు కాడు, ద్రోణుడు మంత్రి కాడు. నోరు తెరిస్తే ఆగుతుందన్న గౌరవం వారికి ఉంది, అంతే. ద్రౌపదిని సభకు ఈడ్చిననాడు నోరు విప్పిన వికర్ణుడికి ఆ గౌరవం కూడా లేదు, దుర్యోధనుడి తమ్ముళ్లలో ఒకడు. అయినా మాట్లాడాడు. వకీలు గారి నిర్వచనంలో వికర్ణుడికి చోటెక్కడ?

జయపురం నుంచి:
వికర్ణుడు మాట్లాడాడు సరే, అతడి మాట చెల్లలేదు. ఆ సభలో అతడి మాటను రాసుకోవలసినవారు లేరు, విచారించి తీరవలసిన బాధ్యత ఎవరికీ లేదు. నేను అడుగుతున్నది వికర్ణుడి ధైర్యం గురించి కాదు మాస్టారూ, ఆ ధైర్యాన్ని వృథా పోనివ్వని ఏర్పాటు గురించి. అధికారుల అవినీతి మీద ఫిర్యాదులు విచారించే లోకాయుక్త చట్టం 1970లోనే మన ఒడిశా అందరికన్నా ముందు చేసుకుంది. ఆ సంస్థను ముందుగా నెలకొల్పింది మాత్రం మహారాష్ట్ర. చట్టం చేయడానికీ, ఫిర్యాదు పట్టుకువెళ్లినవాడికి ఒక తలుపు తెరిచి ఉండడానికీ మధ్య ఉన్న దూరాన్ని మంచి మనుషులతో మాత్రమే నింపలేం.

రాయగడ నుంచి:
మీ ఇద్దరి మాటలూ చదువుతుంటే నాకు మా జిల్లా సంగతే గుర్తుకొస్తోంది. నియమగిరి కొండ మీద బాక్సైటు తవ్వకం కేసులో 2013 ఏప్రిల్ 18న సుప్రీంకోర్టు, ఆ కొండ మీది గిరిజనులైన డోంగ్రియా కోందుల మతపరమైన హక్కులకు భంగం కలుగుతుందో లేదో గ్రామసభలే తేల్చాలని చెప్పింది. జిల్లా జడ్జి హోదాగల న్యాయాధికారి ఆ సభలకు పరిశీలకుడిగా హాజరు కావాలని కూడా చెప్పింది. రాయగడ, కలహండి జిల్లాల్లో కలిపి పన్నెండు పల్లెల్లో సభలు జరిగాయి. పన్నెండూ వద్దన్నాయి. ఆ కొండపల్లెల్లో మాట్లాడినవారికి పదవి లేదు, చాలామందికి చదువూ లేదు. కాని అంతకు ముందు ఎన్నో ఏళ్లుగా వాళ్లు అంటున్న మాటకు లేని బలం, రాసుకునే అధికారీ, వినే జడ్జీ ఎదురుగా కూర్చున్న రోజున వచ్చింది. తిక్కన తీసేసిన 'సభాసదులు' అన్న మాటే ఇక్కడ సరిపోతుందేమో చూడండి. సభ సక్రమంగా జరిగితే అందులో కూర్చున్న ప్రతివారూ దక్షులవుతారు.

పర్లాకిమిడి నుంచి:
అన్నగారూ, నియమగిరి సంగతి మీ ప్రసంగంలో తప్పక చెప్పండి. అయితే పద్యంలో మనమెవరమూ ముట్టుకోని అక్షరం ఒకటి మిగిలిపోయింది. నాలుగవ పాదంలో 'అయ్యు', 'అయ్యును' అని రెండుసార్లు వచ్చింది. ఇది సముచ్చయమా (రెండింటినీ కలిపి 'ఇదీ అదీ' అనడం), అప్యర్థకమా ('అయినా సరే' అనడం)? సముచ్చయమైతే 'దైవం ధర్మాన్ని దరిచేర్చేదిగానూ, సత్యానికి శుభమిచ్చేదిగానూ ఉంటుంది' అని అర్థం. దక్షులు ఊరుకున్నా ధర్మానికి నష్టం లేదు, నష్టం వాళ్లకే అన్న ధీమా ఇందులో వినిపిస్తుంది. అప్యర్థకమైతే 'దైవం ధర్మాన్ని దరిచేర్చేదే అయినా, సత్యానికి శుభమిచ్చేదే అయినా, అలా ఉండిపోతుంది' అని అర్థం. అప్పుడు దక్షులు తప్ప ధర్మానికి మరో దిక్కు లేదు. వ్యవస్థల గురించి మాట్లాడేవారికి ఈ రెండింటికీ మధ్య తేడా చిన్నది కాదు. ఎవరూ పట్టించుకోకపోయినా చివరికి అంతా సర్దుకుంటుందన్న నమ్మకం మీద ఏ కార్యాలయమూ నిలబడదు.

బరంపురం నుంచి:
అప్యర్థకం ఇక్కడ పొసగదమ్మా. మూడవ పాదంలో 'చేటగుఁ గాని' అని ఉంది. ఆ 'కాని' తరువాత రావలసినది చేటుకు ఎదురైన మాట. వారికి చేటే గాని ధర్మానికి కాదు, ఎందుకంటే దైవం ఉంది, ఇదీ అన్వయం. మీరు చెప్పిన అర్థం రావాలంటే పద్యంలో లేని 'ఊరక' అన్న మాటను అధ్యాహారం చేసుకోవాలి, అంటే బయటినుంచి తెచ్చి చేర్చుకోవాలి. తిక్కన వంటి శబ్దమితవ్యయి అంత అవసరమైన మాటను పాఠకుడి ఊహకు వదలడు.

పర్లాకిమిడి నుంచి:
'ఊరక' అన్న మాట విడిగా అక్కరలేదు, మాస్టారూ. 'ఉండు' అన్న క్రియలోనే ఆ అర్థం ఉంది. మన ఇళ్లలో 'నువ్వుండు' అంటే కలుగజేసుకోకుండా ఊరుకోమనే కదా. వాడుకలో బతికున్న అర్థాన్ని కావ్యానికి దూరం చేయవద్దని గిడుగు వారు ఈ ఊళ్లో ఉండే వాదించారు. పైగా ఎదురుగా సంధి చెప్పడానికి వచ్చి కూర్చున్న దైవం కృష్ణుడే. తానే దైవమై ఉండి, ఆ సభలో తాను మాట తప్ప మరేమీ చేయలేని రాయబారి. 'దైవ ముండెడిన్' అని ఆయన నోట అనిపించడంలో తిక్కన ఉద్దేశం ఆ స్థితిని చెప్పడమే అయితే, 'కాని'ని కూడా మనం మరోలా అన్వయించుకోవలసి వస్తుంది.

జయపురం నుంచి:
అలాగైతే ఉద్యోగపర్వంలోనే 'అయ్యును' వచ్చిన మిగతా పద్యాలను కూడా ఏరి ఇక్కడ పెట్టండి, అమ్మా. ఏ చోట సముచ్చయమో, ఏ చోట అప్యర్థకమో ఒక్కొక్కటిగా పోల్చి చూద్దాం. రాయగడ వారి సమావేశానికి ఇంకా గడువు ఉంది.