షైర్ క్యాలెండర్‌లో వారం లేని రోజు: తెలివా, దొంగలెక్కా?

లెక్కల మాస్టారు:
టోల్కిన్ తన నవల ‘లార్డ్ ఆఫ్ ది రింగ్స్’ చివరి అనుబంధాల్లో హాబిట్ల (షైర్ అనే సీమలో ఉండే పొట్టి జనం) క్యాలెండర్ ఇచ్చాడు. చదవని వారి కోసం క్లుప్తంగా చెబుతాను. పన్నెండు నెలలు, ప్రతి నెలకూ 30 రోజులే. మిగిలిన అయిదు రోజులూ ఏ నెలలోనూ చేరవు. వాటిలో రెండేమో ఏడాది మారే చోట, మూడేమో నడివేసవిలో. ఆ మూడింటిలో మధ్యదానికి వారం పేరు లేదు. లీపు ఏడాదిలో దాని వెంటే వచ్చే అదనపు రోజుకూ లేదు. ఇక లెక్కకు మిగిలేవి 364, సరిగ్గా 52 వారాలు. ఏడాది ఎప్పుడూ శనివారం మొదలై శుక్రవారం ముగుస్తుంది. బిల్బో అనే హాబిట్ పుట్టినరోజు సెప్టెంబరు 22 ఏ ఏడు చూసినా గురువారమే. ఏ నెలా శుక్రవారంతో మొదలవదు కాబట్టి, ఎన్నటికీ జరగని పనికి వాళ్లు ‘శుక్రవారం ఒకటో తేదీన’ అంటారట! గోడకు ఒక్క క్యాలెండర్ తగిలిస్తే మనవళ్ల దాకా పనికొస్తుంది. ఇంతకన్నా చక్కని లెక్క ఉంటే చూపండి.

తిథివారనక్షత్రం:
చక్కగానే ఉంది, కానీ దొంగలెక్క. శుక్రవారం మర్నాడు శనివారం రావాలి. మధ్యలో ఒక రోజును దాచేసి, అది రానట్టే నటిస్తే ఎలా? 1582లో పోపు గ్రెగరీ క్యాలెండర్ సరిదిద్దుతూ పది రోజులు ఎత్తేసినప్పుడు కూడా అక్టోబరు 4 గురువారం, మర్నాడు 15 శుక్రవారం. తేదీలు పోయాయి గాని వారం తెగలేదు. మా అమ్మ ఏడు శనివారాల వ్రతం పట్టింది. అదే షైర్‌లో పట్టి ఉంటే, నడివేసవిలో ఒక శనివారానికీ మరో శనివారానికీ మధ్య ఎనిమిది రోజులు, లీపు ఏడాదిలో తొమ్మిది. ఆ పేరు లేని రోజును వ్రతంలో కలపాలా, వదిలేయాలా? ముందు దీనికి జవాబు చెప్పండి.

గోడగడియారం:
రోజుకు ఆరుపూటలు తినే హాబిట్ల దగ్గరా మీ ఉపవాసాలు?

లెక్కల మాస్టారు:
పంచాంగం చేత్తో పట్టుకుని నాది దొంగలెక్క అంటున్నారా? మీ దగ్గర ఒక తిథి క్షయమవుతుంది, ఒక తిథి రెండు రోజులు సాగుతుంది, మూడేళ్లకు అటూ ఇటూగా ఒక నెల రెండుసార్లు వస్తుంది. హాబిట్లు దాచింది ఏడాదికి ఒక్క రోజు!

తిథివారనక్షత్రం:
తిథికి పైన చంద్రుడు సాక్షి. పన్నెండు చాంద్రమాసాలు 354 రోజులు, సూర్యుడి ఏడాదికి సుమారు పదకొండు రోజులు తక్కువ. ఆ బాకీ తీర్చడానికే అధికమాసం. మీ వారం లేని రోజు ఎవరి బాకీ తీరుస్తుంది? గోడ మీది క్యాలెండర్ మార్చే శ్రమ తప్పిస్తుంది, అంతే.

రాత్రి డ్యూటీ:
ఒక చిన్న ప్రశ్న. నడివేసవి రోజున షైర్ అంతా సెలవు, విందు. మరి వండేది ఎవరు? నేను ఆసుపత్రిలో నర్సును. ఈ వారం నా సెలవు మంగళవారం, మా ఆయనది ఆదివారం. 1929లో సోవియట్ యూనియన్‌లో ఇలాగే అయిదు రోజుల వారం పెట్టి, పనివాళ్లను అయిదు రంగులుగా విడగొట్టి, ఒక్కో రంగుకు ఒక్కో రోజు సెలవిచ్చారు. మొగుడిది పసుపు, పెళ్లానిది ఎరుపు అయితే ఇద్దరూ కలిసి భోంచేసే రోజే లేదు. క్యాలెండర్ గీసేవాళ్లకు ఈ బాధ పట్టదు.

లెక్కల మాస్టారు:
చంద్రుడు సాక్షి సరే, వారానికి సాక్షి ఎవరు? ఆకాశంలో ఏడు రోజులకు తిరిగే వస్తువేదీ లేదు. మనుషులు పెట్టుకున్నదాన్ని మనుషులు ఒక రోజు ఆపుకోవచ్చు. అసలు ఇలాంటి ప్రపంచ క్యాలెండర్‌నే 1953లో ఐక్యరాజ్యసమితి ముందు పెట్టింది మన దేశమే. ఏడాది చివరి రోజుకు వారం ఉండదు. భౌతిక శాస్త్రవేత్త మేఘనాద్ సాహా జెనీవా వెళ్లి మరీ వాదించారు. ఆయనా దొంగేనా?

తిథివారనక్షత్రం:
అది ఎందుకు ఆగిందో కూడా రాయండి. యూదులు, సబ్బాతు (ఏడో రోజు విశ్రాంతి) పాటించే క్రైస్తవులు వారం తెగుతుందనే ఎదురుతిరిగారు. సాక్షి లేదు కాబట్టే తెగకూడదు మాస్టారూ. తిథి మరిచిపోతే తలెత్తి చూస్తాం. వారం మరిచిపోతే ఎక్కడ చూస్తాం?

లెక్కల మాస్టారు:
మూఢనమ్మకానికి ఎంత ముద్దుపేరు పెట్టినా మూఢనమ్మకమే.

తిథివారనక్షత్రం:
అయితే వినండి. మా నాన్న తద్దినం మాఘ బహుళ పంచమి. ఏటా తేదీ మారుతుంది. నేను చేసిన ఒక కార్యాలయంలో మూడో ఏడు సెలవు చీటీ ఇస్తే, పై అధికారి నలుగురి ముందు ‘మీ నాన్న ఏటా ఒక్కో తేదీన పోతారా?’ అన్నాడు. అందరూ నవ్వారు. ఆ చీటీ ఇప్పటికీ నా పెట్టెలో ఉంది. తేదీ కదలకూడదనే మీలాంటి వాళ్లను చూస్తే నాకు ఆ నవ్వే వినబడుతుంది.

నిర్వాహకుడు:
ఇద్దరూ కాస్త నెమ్మదించండి.

లెక్కల మాస్టారు:
మీ పై అధికారి అన్నది తప్పు. నేనైతే నవ్వేవాణ్ణి కాదు. కానీ నా సంగతీ వినండి. నేను పుట్టింది ఎప్పుడని అడిగితే మా అమ్మ ‘ఆషాఢం, శుక్రవారం, మన గేదె ఈనిన మర్నాడు’ అనేది. ఏ సంవత్సరమో ఆమెకు తెలియదు. బడిలో చేర్పిస్తూ పంతులుగారు జులై 1 అని రాసేశారు, ఏడాది కూడా ఆయన ఊహే. ఆ కాగితం ప్రకారమే ఉద్యోగ విరమణ. మా పెద్దమ్మ కొడుకుతో పోల్చి చూసుకుంటే పది నెలలు ముందే ఇంటికి పంపారు. బిల్బోకు అలా జరగదు. నెల, వారం చెబితే చాలు, ఏ సంవత్సరమైనా నాలుగైదు తేదీలకు మించి వెతకక్కర్లేదు. కదలని తేదీ నాకు సౌకర్యం కోసం కాదండీ.

తిథివారనక్షత్రం:
మాస్టారూ, క్షమించండి. అయినా ఒక్క మాట. అమ్మగారికి తేదీ గుర్తులేదు, ఏడాది గుర్తులేదు. శుక్రవారం మాత్రం గుర్తుంది కదా?

గోడగడియారం:
గేదె కూడా గుర్తుంది.

రాత్రి డ్యూటీ:
విందు వండేది ఎవరో ఇంకా ఎవరూ చెప్పలేదు.

లెక్కల మాస్టారు:
అమ్మా, మీ మాటే నిజం. రాసిన చోట వంటవాళ్ల సెలవు సంగతి ఎక్కడా కనబడలేదు. తిథిగారూ, మీ వాదన కూడా ఒప్పుకుంటాను. శుక్రవారం ఒకటో తేదీన.