ప్రమోషన్ రద్దుతో ఆగలేదు, ఉద్యోగమే తీసేశారు: ముందు అప్పీలా, రిట్టా?

అందరికీ నమస్కారం. మా ఆవిడ చిత్తూరులో ఒక ఎయిడెడ్ హైస్కూల్లో స్కూల్ అసిస్టెంటు. హెడ్మాస్టరు రిటైరయ్యాక సీనియారిటీ చూసి ఆమెకే తాత్కాలిక ప్రమోషన్ ఇచ్చారు, రాతపూర్వక ఆర్డరు ఉంది. యాజమాన్యం మారింది, ప్రమోషన్ చెల్లదన్నారు. సరే, పాత పోస్టుకు పంపొచ్చు గదా? ఏకంగా ఉద్యోగంలోంచే తీసేశారు. చార్జిమెమో (ఆరోపణలు రాసిచ్చే నోటీసు) లేదు, విచారణ లేదు. పనిచేసిన నెలల జీతం కూడా రాలేదు. అడిగితే పై ఆఫీసులో కనుక్కోమంటారు, అక్కడికి పోతే జీతం బిల్లు పెట్టాల్సింది స్కూలేనంటారు.

1982 ఆంధ్రప్రదేశ్ విద్యాచట్టం 79వ సెక్షన్ చదివాను, విచారణ లేకుండా తొలగించకూడదనే ఉంది. ఇప్పుడు 80వ సెక్షన్ కింద అప్పీలుకే పోవాలా, లేక నేరుగా హైకోర్టులో రిట్ వేస్తే తీసుకుంటారా? హెడ్మాస్టరుగా చేసిన కాలానికి ఆ పోస్టు జీతం అడగొచ్చా? సర్వీసు కేసులు చూసే తిరుపతి, చిత్తూరు లాయర్లుగానీ, ఇలాంటిదే ఎదుర్కొన్న టీచర్లుగానీ దయచేసి చెప్పండి.