తేలు కుడితే ప్రతిసారీ ఆసుపత్రికి పరుగెత్తాలా?

వేపనీడ:
వేరే చర్చలో ఒకరు "తేలు కుట్టి పోయినవాళ్లు ఎవరూ ఉండరు, ఒక రాత్రి మంటపెట్టి పొద్దునకి అదే దిగిపోతుంది" అని రాస్తే దానికి బోలెడు లైకులు. నాకైతే భయమేసింది. చిన్నపిల్లలున్నవాళ్లు అది నమ్మి ఊరుకుంటే? తెలిసినవాళ్లు చెప్పండి.

గాలివాటం:
రాసింది నేనే, ఇప్పటికీ అదే అంటాను. 2,500కు పైగా తేలు జాతులుంటే మనిషి ప్రాణం తీయగలిగినవి 50 కూడా ఉండవు. మండ్రగబ్బని చూడండి, నల్లటి ఒళ్లు, లావు డెక్కలు, చూస్తేనే గుండె జారిపోతుంది, కానీ అది కుడితే మామూలుగా నొప్పీ వాపూ తప్ప ఏమీ ఉండదు. టెన్షన్ పడి అర్ధరాత్రి పరుగులు తీయడం వల్లే సగం గొడవ.

రాత్రిడ్యూటీ:
గాలివాటం గారూ, 2,500లో 50 అన్నది జాతుల లెక్క. ఆ 50 ఎక్కడుంటాయో చూడండి, మన ఎర్రతేలు, ఉత్తర ఆఫ్రికా, పశ్చిమాసియాల్లోని పసుప్పచ్చ తేళ్లు, మెక్సికో, బ్రెజిల్ రకాలు, వీటిలో చాలావరకు మనుషులు తిరిగే చోటే రాళ్ల కింద, గోడ సందుల్లో బతుకుతాయి. ప్రపంచం మొత్తమ్మీద ఏటా 12 లక్షల మందికి పైగా తేలు కాటుకు గురవుతారని, 3,000 మందికి పైగా చనిపోతారని అంచనా. వాళ్లలో ఎక్కువమంది పిల్లలు, ఎందుకంటే అదే విషం చిన్న ఒంట్లో పడుతుంది.

నేను ఎమర్జెన్సీ వార్డులో పనిచేస్తాను. ఎర్రతేలు కుట్టిన పిల్లల్లో భయపెట్టేది నొప్పి కాదు. ఒళ్లంతా చెమట, ఆగని వాంతులు, ముట్టుకుంటే మంచులా ఉండే చేతులూ కాళ్లూ. విషం నరాలను రెచ్చగొట్టి అడ్రినలిన్ లాంటివి ఒక్కసారిగా రక్తంలోకి వదిలేలా చేస్తుంది, బీపీ పెరిగి గుండె అలిసిపోతుంది, ఊపిరితిత్తుల్లో నీరు చేరుతుంది. దగ్గితే గులాబీ రంగు నురగ వచ్చిందంటే చాలా ఆలస్యమైనట్టే.

గాలివాటం:
పిల్లల సంగతి వేరు, ఒప్పుకుంటాను. పెద్దవాళ్లు మాత్రం తేలుని చూసి పోల్చుకోవచ్చు కదా? డెక్కలు లావుగా, తోక సన్నగా ఉంటే భయం లేదు, డెక్కలు సన్నగా, తోక లావుగా ఉంటే జాగ్రత్త.

మట్టివాసన:
ఆ గుర్తు చాలావరకు పనిచేస్తుంది, కానీ దాన్ని నమ్ముకోకూడదు. ఇరాన్‌లో ఒక తేలు ఉంది, హెమిస్కార్పియస్ లెప్ట్యూరస్, దాని తోక సన్నగానే ఉంటుంది, కుట్టినప్పుడు నొప్పి కూడా పెద్దగా తెలియదు. తర్వాత చర్మం కుళ్లుతుంది, ఎర్ర రక్తకణాలు పగిలిపోతాయి, కిడ్నీలు దెబ్బతింటాయి. అయినా చీకట్లో చెప్పులో కాలు పెట్టినప్పుడు కుడితే డెక్కలు కొలిచేదెవరు?

వేపనీడ:
మరి కుట్టగానే పైన తాడు కట్టాలా?

రాత్రిడ్యూటీ:
వద్దు. కట్టొద్దు, కోయొద్దు, నోటితో పీల్చొద్దు. సబ్బుతో కడిగి, బట్టలో చుట్టిన ఐసు పెట్టి, మనిషిని కదలకుండా కూర్చోబెట్టండి. ఆకు పసరు రాస్తే తగ్గిందనే వాళ్లు చాలామంది ఉంటారు, రాయకపోయినా తగ్గే కాటు అది.

వైద్యం లేని రోగమైతే గాలివాటం గారి మాటకు కొంత అర్థముండేది. మహారాష్ట్రలోని మహాడ్‌లో డాక్టర్ హిమ్మత్‌రావు బావస్కర్ 1980లలో ప్రాజోసిన్ అనే బీపీ మాత్రతో ఎర్రతేలు కేసులను బతికించడం మొదలుపెట్టారు, అంతకుముందు ముదిరిన కేసుల్లో చాలామంది దక్కేవాళ్లు కాదు. ఆ మాత్రకు విరుగుడు ఇంజెక్షన్ కూడా కలిపితే ఇంకా త్వరగా కోలుకుంటారని 2011లో అక్కడే చేసిన పరీక్షలో తేలింది. అందుబాటులో ఉన్న మందు వేయించుకోకుండా పొద్దున దాకా చూడటం ఎందుకు?

గాలివాటం:
సరే, ఆరోగ్యంగా ఉన్న పెద్ద మనిషి, వేలి మీద కుట్టింది, నొప్పి తప్ప ఇంకేమీ లేదు. అతన్నీ పంపిస్తారా?

రాత్రిడ్యూటీ:
మా దగ్గరికి వస్తే నొప్పికి మత్తు ఇంజెక్షన్ చేసి, కొన్ని గంటలు చూసి పంపించేస్తాం. ఇంట్లోనే ఉంటానంటే పక్కన ఒకరు మేలుకుని ఉండాలి. చెమట, వాంతి, నోట్లో చొంగ, ఆయాసం, కళ్లు అదరడం, వీటిలో ఏ ఒక్కటి కనిపించినా బయల్దేరాలి. పిల్లలు, గర్భిణులు, గుండెజబ్బు ఉన్నవాళ్లైతే వీటి కోసం ఎదురుచూడకుండా ముందే తీసుకురండి.